నలభై రెండో మనిషి

"నా మీద హత్య కేసు రాయండమ్మా," అన్నాడు ముసలాయన, మంచినీళ్ళు అడిగినంత మామూలుగా.

ఇన్‌స్పెక్టర్ చేతిలో పెన్సిల్ ఆగిపోయింది. ఇరవై రెండేళ్ళ ఉద్యోగంలో ఆవిడ రకరకాల మనుషుల్ని ఆ కుర్చీలో కూర్చోబెట్టింది. నేను కాదు మొర్రో అని మొత్తుకున్నవాళ్ళు, నేరం తీసుకెళ్ళి సొంత తమ్ముడి నెత్తిన రుద్దినవాళ్ళు, కళ్ళు తిరిగినట్టు నటించి కుర్చీలోంచి జారిపడ్డవాళ్ళు. తనంతట తానే వచ్చి ఉరితాడుకి మెడ కొలత ఇచ్చే మనిషిని మాత్రం ఇదే చూడటం.

స్టేషన్‌లో అందరూ వెనకాల ఆవిణ్ణి పెన్సిలమ్మ అంటారు. ఎవరేం చెప్పినా ముందు పెన్సిల్‌తోనే రాసుకుంటుంది. నిజమని తేలితేనే దాని మీద పెన్నుతో దిద్దుతుంది. ఆ పేరు ఆవిడకీ తెలుసు, తెలియనట్టు ఊరుకుంటుంది.

టైం తొమ్మిదీ నలభై. నిన్న మధ్యాహ్నం ఒంటిగంటా పదికి ప్రభుత్వ రికార్డుల భవనం కుప్పకూలింది. ఎవరు ఎవరితో మాట్లాడారు, ఎవరింట్లో ఏ పుస్తకం ఉంది, ఎవర్ని ఏ వారం పట్టుకుపోవాలి, ఆ జాబితాలన్నీ టైపయ్యేది అక్కడే. శిథిలాల్లో ఒకే ఒక్క శవం దొరికింది. ఇవాళ పొద్దున్న ఏడున్నరకి ఈ ముసలాయన స్టేషన్ మెట్లెక్కి, "ఆ భవనం పేల్చింది నేనే" అన్నాడు.

"హత్య సంగతి తర్వాత చూద్దాం. ముందు పేల్చిన సంగతి చెప్పండి."

"నలభై ఏళ్ళు రాతి క్వారీలో మందుగుండు పేల్చానమ్మా. పేల్చే ముందు మూడుసార్లు ఈల ఊదాలి. ఊదీ ఊదీ నా పేరే ఈలయ్య అయిపోయింది. రిటైరయ్యాక చేతులు ఊరుకోక గోడల చెమ్మ బాగుచేసే పని పట్టుకున్నా. ఆ భవనంలో మూడు నెలలు చేశా."

"నిన్న కూడా ఈల ఊదారా?"

"ఊదకుండా ఎలా పేలుస్తానమ్మా?" ముసలాయన నొచ్చుకున్నాడు. "ఒంటిగంటా అయిదుకి ఊదా. మూడుసార్లు."

ఇన్‌స్పెక్టర్ పెన్సిల్ పక్కన పెట్టి పెన్ను తీసింది. భవనం ఎదురుగా ఉన్న క్యాంటీన్ అతను నిన్న సాయంత్రం ఆవిడతో చెప్పిన మాట అదే. ఒంటిగంటా అయిదుకి ఎక్కడో ఈల వినబడిందని, మూడుసార్లని. ఆ సంగతి పేపర్లో రాలేదు, రేడియోలో రాలేదు. మనిషి అబద్ధం ఆడటం లేదు.

అంతలో రైటర్ తలుపు తోసుకుని వచ్చాడు. స్టేషన్‌లో కాగితాల పనంతా చూసే పెద్ద వయసు మనిషి, ఇంకో ఎనిమిది నెలల్లో రిటైరవుతాడు. ముసలాయన ఇల్లు సోదా చేసి వస్తున్నాడు. చంకలో తలుపంత చెక్క ఒకటి ఉంది.

"మేడమ్, ఇంట్లో ఇంకేం లేదు. మంచం, కుండ, ఇదీ. ఇదేంటో నాకు బోధపడలేదు."

చెక్క నిండా మేకులు. మేకుకో రేకు బిళ్ళ వేలాడుతోంది. ప్రతి బిళ్ళ మీదా మేకుతో గీకి రాసిన అక్షరాలున్నాయి. ఇన్‌స్పెక్టర్ వంగి చదివింది. జలుబు గుమాస్తా. ఎర్ర గొడుగు. నవ్వే మనిషి. తలుపు చప్పుడు. ఏడో నెల.

"ఏంటివి?"

"క్వారీ గేటు దగ్గర ఇలాంటి బోర్డే ఉంటుందమ్మా. లోపలికెళ్ళేవాడు తన బిళ్ళ తగిలించి వెళ్ళాలి, వచ్చేవాడు తీసుకుని రావాలి. బోర్డు మీద ఒక్క బిళ్ళ మిగిలినా మందు పేల్చకూడదు. ఈ ఆఫీసువాళ్ళు నాకు బిళ్ళలు ఇవ్వరు కదా, అందుకని నేనే చేసుకున్నా. పేర్లు తెలీవు. అలవాట్లని బట్టి రాసుకున్నా. మొత్తం నలభై ఒక్కమంది."

"ఏడో నెల అంటే?"

"టైపు కొట్టే అమ్మాయి. పని మొదలెట్టినప్పుడు అయిదో నెల." ముసలాయన గొంతు కొంచెం మెత్తబడింది. "రెండుసార్లు వాయిదా వేశానమ్మా. మొదటిసారి జలుబు గుమాస్తాకి జ్వరమొచ్చి భోజనానికి బయటికి వెళ్ళలేదు, బల్ల మీదే తల వాల్చి పడుకున్నాడు. రెండోసారి ఈ అమ్మాయికి కాళ్ళు వాచి కుర్చీలోంచి లేవలేదు."

రైటర్ నోరు తెరుచుకుని నిలబడిపోయాడు. ఇన్‌స్పెక్టర్ పరిస్థితీ అదే గానీ, ఆవిడ నోరు మూసుకునే ఆశ్చర్యపోగలదు.

"మూడోసారీ ఎవరో ఒకరు లోపల ఉండిపోతే?"

"మూడోసారీ వాయిదా."

"ఎప్పటికీ కుదరకపోతే?"

"కుదరనట్టే. ఏం చేస్తాం?"

"అంటే మనుషుల్ని చంపకుండా పేలిస్తే అది పుణ్యమంటారా?" ఆవిడ గొంతు కావాలనే కటువుగా చేసుకుంది. "రేపు ఇంకోడు మీ పేరు చెప్పుకుని ఇదే పని చేస్తాడు. వాడికి మీ ఓపిక ఉండదు. వాడి దగ్గర బిళ్ళల బోర్డు ఉండదు. ఆ పాపం ఎవరి ఖాతాలో?"

"నా ఖాతాలోనే," అన్నాడు ఈలయ్య తడుముకోకుండా. "పుణ్యమని నేనెక్కడన్నానమ్మా? పద్నాలుగు నెలల కిందట మా అల్లుణ్ణి పట్టుకుపోయారు. ప్రింటింగ్ ప్రెస్‌లో పనిచేసేవాడు. ఏ ఆఫీసుకి వెళ్ళినా అలాంటివాడు మా దగ్గర లేడన్నారు. దరఖాస్తులు పెట్టా. వాకిట్లో కూర్చున్నా. మా అమ్మాయి మొక్కని గుమ్మం లేదు. ఇప్పుడు సమ్మె చేస్తున్న క్వారీవాళ్ళ జాబితా తయారవుతోందని, మూడొందల పేర్లని, గోడకి సిమెంటు రాస్తుండగా నా చెవులతో నేనే విన్నా. ఆ జాబితా రాసేవాడూ పిల్లలున్నవాడే. వాణ్ణేం చెయ్యలేను. జాబితాని చెయ్యగలను అనుకున్నా."

ఇన్‌స్పెక్టర్‌కి తన స్టేషన్ నుంచి ఆ భవనానికి వెళ్ళిన పేర్లు గుర్తొచ్చాయి. అడిగారు, పంపింది. ఆ పేర్ల తర్వాత ఏమైందో అడగలేదు. ఎదురుగా కూర్చున్న నేరస్థుడు తన శత్రువు ఆఫీసులో ఎవరి కాళ్ళు వాచాయో కూడా లెక్కపెట్టాడు. ఆవిడకి చెప్పలేనంత సిగ్గేసింది.

ఆవిడ ఫైల్లోంచి ఫోటో తీసి బల్ల మీద పెట్టింది. శవం ముఖం. "మీ అల్లుడేనా?"

ముసలాయన ఫోటోని వెలుతురుకి తిప్పి చూశాడు. "కాదు. కానీ ఎవరో ఒకరి అల్లుడే కదమ్మా."

"రేడియోలో ఏం చెప్పారో విన్నారుగా. బాంబు పెట్టినవాడు తన బాంబుకే చచ్చాడని."

"అందుకే వచ్చా. పెట్టినవాణ్ణి నేను, బతికే ఉన్నా. లోపలికి నలభై ఒక్కమంది వెళ్ళారు, నలభై ఒక్కమందీ నా కళ్ళముందే భోజనానికి బయటికొచ్చారు. మరి ఈ నలభై రెండోవాడు ఎక్కణ్ణించి వచ్చాడు?"

ఆ ప్రశ్న నిన్న సాయంత్రం నుంచి ఇన్‌స్పెక్టర్ బుర్ర తొలుస్తూనే ఉంది. ఆస్పత్రిలో శవాన్ని ఆవిడ దగ్గరుండి చూసింది. కాళ్ళకి చెప్పుల్లేవు. పాదాలు పసిపిల్లల పాదాల్లా మెత్తగా ఉన్నాయి, ఏడాదిగా నడవనట్టు. ఒళ్ళు కుండ కింద మొలిచిన గడ్డిలా పాలిపోయి ఉంది. పైజామాకి బొందు లేదు. బొందు తీసేసేది ఎక్కడో ఏ పోలీసుని అడిగినా చెబుతాడు. లాకప్పులో, ఉరేసుకోకుండా.

"వాడు ఖైదీ," అంది ఆవిడ నెమ్మదిగా.

"నాకూ అదే అనిపించింది. హత్య కేసు ఎందుకు అడుగుతున్నానో ఇప్పుడు చెబుతా వినండి. భవనం పేల్చాడని మాత్రం రాస్తే, ఇటుకలకి నష్టం, కాగితాలకి నష్టం, అంతే. హత్య అని రాస్తే చచ్చింది ఎవరో రాయాలి కదా? ఎక్కడుండగా చచ్చాడో, అక్కడికి ఎందుకు వచ్చాడో, ఎవరు తెచ్చి పెట్టారో, జడ్జి అడగాలి కదా? లేడు లేడు అన్న మనిషి ఉన్నాడని వాళ్ళ నోటితోనే చెప్పాలి కదా? దానికి నా మెడ ఒకటి కావాలంటే తీసుకోండి. డెబ్భై రెండేళ్ళు వాడా దీన్ని."

రైటర్ కళ్ళజోడు తీసి తుడుచుకుంటున్నాడు. ఇన్‌స్పెక్టర్ పెన్నుకి మూత పెట్టింది. ఈ మనిషి చట్టం పుస్తకం పట్టుకుని ఎరగడు. అయినా ఆ పుస్తకంతో ఏం చెయ్యొచ్చో, అది చదివి జీతం తీసుకుంటున్న తనకన్నా బాగా తెలుసుకున్నాడు.

"లేవండి. అక్కడికి వెళ్దాం," అంది.

పదకొండూ నలభైకి ముగ్గురూ రికార్డుల భవనం చేరారు. గేటు దగ్గర, ఆ జాబితాల్ని బట్టి మనుషుల్ని పట్టుకుపోయే ప్రత్యేక విభాగం కాపలావాడు చెయ్యి అడ్డం పెట్టాడు. ముద్దాయిని ఘటన జరిగిన చోటికి తెచ్చి చూపించడం తన డ్యూటీ అని, కాదంటే ఆ కాదన్నవాడి పేరు, నంబరు రాసి పెడతానని ఇన్‌స్పెక్టర్ పెన్సిల్ తీసింది. పేరు రాస్తానంటే ఆ విభాగంలో ఎవడికైనా చెమటలే. కాపలావాడు పక్కకి తప్పుకున్నాడు.

ఉత్తరం గోడ నిలబడే ఉంది. దాని వారన ఇనప బీరువా, పక్కన బల్ల, బల్ల మీద టైపు మిషన్. మిషన్‌లో కాగితం అలాగే ఉంది. నూట పదహారు దాకా పేర్లు పూర్తయ్యాయి. నూట పదిహేడో పేరు మూడో అక్షరం దగ్గర ఆగిపోయింది. ఒంటిగంట కొట్టగానే టైపు అమ్మాయి భోజనానికి లేచినట్టుంది. ఆ మూడక్షరాల మనిషి ఈ ఊళ్ళోనే ఎక్కడో ఈ పూట అన్నం తింటూ ఉంటాడు, తనకేం తప్పిపోయిందో తెలియకుండా.

"శవం దొరికింది ఇక్కడ మేడమ్," అన్నాడు రైటర్, ఫోటో చూసి కొలుచుకుంటూ.

కూలిన దూలం పక్కన, నేల మీద, మనిషి ఆకారంలో దుమ్ము అణిగి ఉంది. ఈలయ్య మోకాళ్ళ మీద కూర్చుని ఆ ముద్రలో వేలు గుచ్చాడు. తర్వాత జానెడు ఎడంగా గుచ్చాడు. మళ్ళీ ముద్రలో గుచ్చాడు.

"అమ్మా, ఇలా రండి. ఇక్కడ దుమ్ము ఎంత మందం?"

ఆవిడా గుచ్చి చూసింది. "వేలి కణుపంత."

"ముద్ర బయట?"

"దాదాపు అంతే."

అన్నాక ఆవిడకి వెలిగింది. పేలుడికి పడిపోయిన మనిషి మీద దుమ్ము పడాలి గానీ కింద ఎలా ఉంటుంది? మనిషి ముందు పడితే, శవాన్ని లేపాక కింద నేల శుభ్రంగా కనబడాలి. ఇక్కడ దుమ్ము దిగి, పరుపులా పరుచుకున్నాక మనిషిని దాని మీద పడుకోబెట్టారు.

"దుమ్ము దిగడానికి ఎంతసేపు పడుతుంది?"

"ఇంత మందం దిగాలంటే అరగంట తక్కువ కాదు."

ఇన్‌స్పెక్టర్ పుస్తకం తీసి చకచకా టైములు చూసుకుంది. ఒంటిగంటా పదికి పేలుడు. ఒంటిగంటా పద్దెనిమిదికి ప్రత్యేక విభాగం వచ్చి లోపలికి దిగింది. ఒంటిగంటా పాతికకి అగ్నిమాపక బండి వచ్చింది, దాన్ని గేటు దగ్గరే నిలిపేశారు. నాలుగింటి దాకా ఎవర్నీ రానివ్వలేదు. నాలుగున్నరకి శవాన్ని ఆస్పత్రికి అప్పగించారు. ఆస్పత్రి డాక్టరు రాసింది ఒకే ఒక్క పెద్ద గాయం, తల వెనక; మిగతావి అరచేతుల మీదా మోకాళ్ళ మీదా పాకినప్పుడు పడ్డ గీతలు. దూలం పడ్డ మనిషికి ఒక్క గాయమే ఏంటని నిన్నే అనుకుంది. ఒంటిగంటా నలభై నుంచి నాలుగు లోపల ఇక్కడ బతికున్న మనిషిని చంపగలిగినవాళ్ళు ఒక్కళ్ళే ఉన్నారు.

"పెద్దాయనా," అంది. "మీరు చంపలేదు. పేలుడు తర్వాత కూడా వాడు బతికే ఉన్నాడు. ఎక్కణ్ణించో పాక్కుంటూ పైకొచ్చాడు. వీళ్ళు చూశారు, చంపారు, పడుకోబెట్టారు. మీ చేతికి రక్తం లేదు!"

సంతోషిస్తాడనుకుంది. ముసలాయన ఆ దుమ్ములోనే చతికిలబడి, రెండు చేతుల్తో తల పట్టుకుని ఏడ్చాడు. చిన్నపిల్లాడిలా, వెక్కి వెక్కి.

"బతికున్నాడా... అయ్యో, బతికే ఉన్నాడా..."

"అదే కదండీ చెబుతున్నా!"

"మీకు తెలీదమ్మా. క్వారీలో పేల్చినవాడే ముందు లోపలికెళ్ళాలి. పేలకుండా మందు మిగిలిందేమో, రాయి జారేలా ఉందేమో, ఎవడైనా చిక్కుకున్నాడేమో, పేల్చినవాడే పోయి చూడాలి. చూసి వచ్చాకే మిగతావాళ్ళు అడుగు పెడతారు. నలభై ఏళ్ళు ఒక్కరోజు తప్పలేదు. నిన్న పట్టుకుంటారని భయమేసి సందులోంచి పారిపోయా. వెళ్ళి ఉంటే, వీళ్ళ బళ్ళు వచ్చేలోపు ఆ కాసేపూ నాదే కదా. వాడు చెయ్యి చాపితే అందుకునేవాణ్ణి కదా. ఈ పాపం దుమ్ము మీదకి తోసెయ్యమంటారా? రాయండి. హత్యే రాయండి."

ఇన్‌స్పెక్టర్ అతని పక్కనే కింద కూర్చుంది. యూనిఫాం మాసిపోతుందని కూడా చూడలేదు. ప్రభుత్వం తరఫున చంపినవాళ్ళు తాము చంపలేదంటున్నారు. చంపనివాడు తానే చంపానని ఏడుస్తున్నాడు. ఇంత మనిషిని తను ఇంతకుముందు ఎప్పుడూ చూడలేదని మాత్రం తెలుస్తోంది.

అప్పుడే గుప్పుమని అత్తరు వాసన వచ్చింది. మనిషి కన్నా ముందు వాసన వచ్చేది ఒక్కడికే. ప్రత్యేక విభాగం అధికారి. పోలీసు శిక్షణలో ఆవిడతో పాటే చేరాడు, ఒకే బల్ల మీద కూర్చుని పాఠాలు విన్నాడు. ఇప్పుడు అతని ముందు మంత్రులే ఆచితూచి మాట్లాడతారు. అందరూ అతన్ని అత్తరు దొర అంటారు, అతను లేనప్పుడు.

"ఏంటి చెల్లెమ్మా, దుమ్ములో బొమ్మలాటా?"

"నువ్వు నాకు అన్నయ్యవని మా అమ్మ ఎప్పుడూ చెప్పలేదు. ఇన్‌స్పెక్టర్ అను చాలు."

అత్తరు దొర నవ్వి, మడత పెట్టిన కాగితం చాపాడు. "సరే ఇన్‌స్పెక్టర్. చచ్చినవాడే పేల్చినవాడు. దర్యాప్తు పూర్తి. కింద సంతకం పెట్టు. ఈ ముసలాయన మతి చెడినవాడని రాసి ఇంటికి పంపేస్తాం. కూతురు దగ్గర కూర్చుని గంజి తాగుతాడు. పాము చావదు, కర్ర విరగదు."

ఆవిడ కాగితం చదివింది. ఒక్క క్షణం, నిజంగా ఒక్క క్షణం, ఆశ పుట్టింది. సంతకం పెడితే ఈలయ్య ఉరి తప్పుతుంది. చచ్చినవాడు ఎలాగూ చచ్చాడు. ఈ లెక్కే కదా తను ఇరవై రెండేళ్ళుగా వేస్తూ వచ్చింది?

"శవం కింద దుమ్ముంది," అంది. "చూశావా?"

అత్తరు దొర నవ్వు అలాగే ఉంది గానీ కళ్ళలో లేదు. "దుమ్ము బోనెక్కి సాక్ష్యం చెబుతుందా?"

"నేను ఎక్కుతా."

"బాంబులు పెట్టేవాడి పక్కన నిలబడి నాకు నీతులా? నేను చేసేదేంటో తెలుసా నీకు? పదిమందిని ఆపి పది లక్షలమందిని నిద్రపోనిస్తున్నా. ఇతనూ అదే అంటాడుగా, ఎవరినో కాపాడటానికని. లెక్క ఇద్దరిదీ ఒక్కటే. నాది పెద్ద లెక్క, అంతే తేడా."

"ఒక్కటి కాదు బాబూ," అన్నాడు ఈలయ్య, కళ్ళు తుడుచుకుని లేస్తూ. కోపం లేదు, సందేహం అడిగినట్టే అడిగాడు. "నేను చేసింది తప్పో ఒప్పో, నేనే చేశానని వచ్చి చెప్పా. మీరు చేసేది అంత మంచిదే అయితే ఆ కాగితం మీద మీ పేరు ఎందుకు లేదు? సంతకం ఈ అమ్మని ఎందుకు అడుగుతున్నారు?"

రైటర్ దగ్గొచ్చినట్టు మొహం పక్కకి తిప్పుకున్నాడు. అత్తరు దొర మెడ మీద నరం ఒకటి లేచింది.

ఇన్‌స్పెక్టర్ కాగితాన్ని అదే మడత మీద మడిచి అతని జేబులో పెట్టింది. "పెట్టను."

"నీ ఇష్టం. ఈ చోటు చదును చెయ్యమని ఆర్డరుంది. రెండింటికి రావలసిన బుల్డోజర్‌ని ఇప్పుడే రమ్మంటా. సిమెంటు బళ్ళు కూడా వెనకాలే ఉన్నాయి. పదిహేను నిమిషాల్లో మీరు ఖాళీ చెయ్యకపోతే, శిథిలాలు మీద పడి పోలీసులు చనిపోయారని నేనే రాయాల్సొస్తుంది." గడియారం చూసుకున్నాడు. పన్నెండూ ఇరవై. గేటు వైపు వెళ్ళిపోయాడు.

"సిమెంటెందుకు మేడమ్?" అన్నాడు రైటర్. "శిథిలాలు ఎత్తిపోస్తే చాలుగా. నేల మీద సిమెంటు పొయ్యడం దేనికి?"

మంచి ప్రశ్న. ఇన్‌స్పెక్టర్ జవాబు వెతుకుతుండగా ఈలయ్య కదిలాడు. గోడ మూల దాకా వెళ్ళి, అక్కడున్న మురుగు గొట్టం ముందు ఆగిపోయాడు. గొట్టం కిందికి, నేలలోకి దిగి ఉంది.

"ఇది నేను బిగించిందే," అన్నాడు. "బిగించాక నీళ్ళు పోసి చూశా. కింద ఎక్కడో ఖాళీలో పడ్డ చప్పుడొచ్చింది. ప్లాన్ తెచ్చి చూస్తే కింద మట్టే, గది లేదు. నా చెవిని కాదని కాగితాన్ని నమ్మా."

వాడు పాక్కుంటూ పైకొచ్చాడని ఇందాక ఇన్‌స్పెక్టర్ తనే అంది. పైకి, అంటే కింద నుంచి. ఆ మాట అన్నప్పుడు దాని అర్థం ఆవిడకే అందలేదు. ఇప్పుడు అందింది.

ఈలయ్య బోర్లా పడుకుని గొట్టం నోటి దగ్గర మూతి పెట్టాడు. "లోపల ఎవరైనా ఉన్నారా?"

ఏమీ లేదు. దూరంగా రోడ్డు మీద బుల్డోజర్ ఇంజను మొరాయించి, మళ్ళీ అందుకుంది.

"బాబూ! నేను పోలీసుని కాను! క్వారీ మనిషిని! గొంతు లేకపోతే గొట్టం మీద కొట్టండి! ఎంతమంది ఉన్నారో, ఒక్కొక్కరూ ఒక్కో దెబ్బ కొట్టండి!"

ఇన్‌స్పెక్టర్ అతని పక్కన మోకరిల్లి గొట్టానికి అరచెయ్యి ఆనించింది. ముందు చేతికి తెలిసింది, తర్వాత చెవికి. సన్నగా, ఇనుము మీద ఏదో గట్టిది తగిలిన చప్పుడు.

టక్.

ఆవిడ అరచేతిని ఇంకా గట్టిగా అదిమింది.

టక్. టక్.

లేరు, లేరు, లేరు అని ఏ ఆఫీసుకి వెళ్ళినా చెప్పిన మనుషులు. పద్నాలుగు నెలలు, ఏడాది, ఎవరికి తెలుసు ఎంత కాలమో, ఈ నేల కింద, టైపు మిషన్ల చప్పుడు వింటూ. ఆవిడకి కళ్ళనీళ్ళు ఆగలేదు, ఆపుకోనూ లేదు. తన చేతి మీదుగా వెళ్ళిన పేర్లు ఒక్కొక్కటీ ఆ అరచేతికి వచ్చి తగులుతున్నట్టుంది.

ఈలయ్య అప్పటికే దూలం కింద సందులోంచి రాళ్ళు లాగుతున్నాడు. "వాడు పైకొచ్చిన దారి ఇటే ఉండాలమ్మా. గాలి తగులుతోంది. మీరు అక్కడే ఉండండి, నేను వెళ్తా." ఆవిడ ఆపే లోపే నడుం దాకా సందులోకి దూరిపోయాడు. కాళ్ళు రెండూ కనబడకుండా పోయాయి.

గేటు దగ్గర బుల్డోజర్ తల తిప్పింది. దాని పక్కన అత్తరు దొర పరుగెత్తుకొస్తున్నాడు. చెయ్యి నడుం దగ్గర తోలు సంచి మీద ఉంది.

"రైటరూ! వైర్‌లెస్ ఇటివ్వు!"

రైటర్ భుజం మీద సెట్టు విప్పాడు. "మేడమ్, ఎనిమిది నెలలే ఉంది నాకు."

"తెలుసు. ఇవ్వు."

ఒక్క క్షణం ఆమె మొహంలోకి చూసి, సెట్టు ఆవిడ చేతిలో పెట్టాడు. పెట్టి ఊరుకోలేదు. వెళ్ళి బుల్డోజర్ దారిలో, శిథిలాల మధ్య, రెండు చేతులూ చాపి నిలబడ్డాడు.

ఇన్‌స్పెక్టర్ బటన్ నొక్కింది. ఊళ్ళోని ప్రతి స్టేషన్‌కీ, ప్రతి బండికీ, అగ్నిమాపక కేంద్రానికీ, ఆస్పత్రికీ ఒకేసారి వినబడే లైను అది. అందులో అన్న మాట మళ్ళీ వెనక్కి తీసుకోవడం ఎవరి తరమూ కాదు.

"అన్ని స్టేషన్లకీ. ఇన్‌స్పెక్టర్ మాట్లాడుతున్నా, రికార్డుల భవనం నుంచి. ఇక్కడ ఒక హత్య జరిగింది. నిన్న ఒంటిగంటా నలభైకీ నాలుగింటికీ మధ్య. భవనం కింద లెక్కలో లేని నేలమాళిగ ఉంది. అందులో మనుషులు బతికి ఉన్నారు. వాళ్ళ మీద సిమెంటు పొయ్యడానికి బళ్ళు వస్తున్నాయి. వినబడిన ప్రతివాళ్ళూ రండి."

"ఆపు! సెట్టు కింద పడెయ్!" అత్తరు దొర అరుపు. తుపాకీ బయటికొచ్చింది.

ఆవిడ అతని వైపు చూడలేదు. వీపు గోడకి ఆనించి, ఎడమ చెయ్యి గొట్టం మీద నుంచి తియ్యకుండా కూర్చుంది. సెట్టులో బరబరమని చప్పుడొచ్చి, ఒక గొంతు పలికింది. అగ్నిమాపక కేంద్రం.

"బయల్దేరుతున్నాం మేడమ్. ఎన్ని బళ్ళు కావాలి? లోపల ఎంతమంది?"

ఆవిడ కళ్ళు మూసుకుని లెక్క తప్పకుండా పట్టుకుంది. అత్తరు దొర బూట్లు పది అడుగుల దూరంలో ఆగాయి.

"పదిహేడు," అంది. "పద్దెనిమిది. ఆగండి... ఇంకా కొడుతూనే ఉన్నారు."